దొంగరాయి

చెవిలో తన మాటలే వినిపిస్తుంటే గొడుగమ్మకి ఒళ్ళు మండిపోయింది.

మాటలు తనవే. గొంతు మాత్రం ఎవరో మగమనిషిది, నూనె రాసినట్టు నున్నగా ఉంది. "ఇక్కడ ఒక్క క్షణం ఆగండి. తలెత్తి ఆ స్తంభాల పైభాగం చూడండి. ఆకుల్లా కనిపిస్తున్నాయా? అవి ఆకులు కావు... చేపలు." చేపలు అనేముందు చిన్న విరామం ఉందే, అది కూడా తనదే. అక్కడ కాస్త ఆగితే జనం తలలు ఇంకొంచెం పైకి లేస్తాయి. ఏళ్ళ తరబడి నడిచి నేర్చుకున్న విద్య అది. దాన్ని కూడా మడతపెట్టి పెట్టెలో పెట్టేసుకున్నారు.

ఆ రేవు పట్నంలో పాత భవనాలు చూపిస్తూ జనాన్ని నడిపించడం ఆమె పని. గుంపులో వెనకబడ్డవాళ్ళకి కూడా కనబడాలని ఎప్పుడూ ఒక పసుప్పచ్చ గొడుగు పైకెత్తి పట్టుకుంటుంది కాబట్టి రేవులో అందరికీ ఆమె గొడుగమ్మే. ఇవాళ మాత్రం గొడుగు ఇంట్లో పెట్టి, తలకి స్కార్ఫు చుట్టి, నల్లకళ్ళద్దాలు పెట్టుకుని, టూరిస్టు వేషంలో వచ్చి కొత్త కంపెనీ వాళ్ళ పెట్టె అద్దెకి తీసుకుంది. అరచేతిలో పట్టేంత పెట్టె, దానికో తీగ, చెవిలో పెట్టుకోవడానికి ఓ గింజ. ఏ భవనం ముందుకి వెళ్తే ఆ భవనం సంగతి అదే చెబుతుంది. రేవులో జనం దాన్ని చెవిపెట్టె అంటున్నారు. గైడులు అనే మాటలు వేరే ఉన్నాయి, అవి రాయదగ్గవి కావు.

పాత సుంకం ఆఫీసు అయింది. ధాన్యం తూచే మండపం అయింది. చెవిపెట్టె ఆమె నడిచే దారినే నడుస్తోంది, ఆమె తిరిగే మలుపే తిరుగుతోంది. అయినా ఇవేవీ పనికిరావని ఆమెకి తెలుసు. సుంకం ఆఫీసు ఎవరు కట్టించారో, స్తంభాల మీదికి చేపలెందుకెక్కాయో ఎవరైనా చదువుకుని చెప్పచ్చు. ఈ నడక నాదని ఆమె ఎంత మొత్తుకున్నా, వీధులు నీ సొంతమా అని ఒక్క మాటతో నోరు మూయించేస్తారు.

ఆమె ఎదురుచూస్తున్నది తాళ్ళ ఇంటికోసం.

ఆ ఇల్లు తాళ్ళవీధి మధ్యలో ఉంది. ఒకప్పుడు ఆ వీధంతా ఓడలకి తాళ్ళు పేనేవాళ్ళే. ఇరుకైన ఇల్లు, పైన ఒకటే అంతస్తు. గుమ్మం చుట్టూ రాతిని పేనిన తాడులా మెలికలు తిప్పి చెక్కారు. పై అంతస్తులో వీధివైపు పక్కపక్కన రెండు కిటికీలు. ఒక కిటికీ పైన తుప్పు పట్టిన ఇనప కొక్కెం.

గొడుగమ్మ ఆ ఇంటి ముందు నిలబడి చెవిలో గింజని ఇంకాస్త లోపలికి నొక్కుకుంది.

"మీ ఎడమ చేతి వైపు కిటికీ చూడండి," అంది నున్నటి గొంతు. "దాని పైన ఒక కొక్కెం ఉంది. తాళ్ళు పేనే ఆయన భార్య దానికి దీపం వేలాడదీసేది. దీపం తాడుకి ముడులు వేసేది. తన భర్త పేనిన తాళ్ళతో ఎన్ని ఓడలు సముద్రం మీదికి వెళ్ళాయో అన్ని ముడులు. ఒక ఓడ తిరిగొస్తే ఒక ముడి విప్పేది. ఆమె కన్ను మూసిన రోజున ఆ తాడుకి... ఇంకా ఒక్క ముడి మిగిలే ఉంది."

గొడుగమ్మ నడివీధిలో చప్పట్లు కొట్టబోయి ఆపుకుంది. అది పచ్చి అబద్ధం. దాన్ని పుట్టించింది తనే.

ఆ ఊరి గైడుల్లో ఒక పద్ధతి ఉంది, బయటివాళ్ళకి తెలీదు. ప్రతి గైడూ తన నడకలో ఒకే ఒక్క అబద్ధం పెట్టుకుంటాడు. చిన్నది, ఎవరికీ హాని చెయ్యనిది, ఏ పుస్తకంలోనూ దొరకనిది. దాన్ని దొంగరాయి అంటారు. ఎప్పుడైనా ఇంకొకరి నోట అదే అబద్ధం వినిపిస్తే, ఆ నడక దొంగిలించినట్టే లెక్క. నిజాన్నయితే ఇద్దరు మనుషులు విడివిడిగా తెలుసుకోవచ్చు. ఒకే అబద్ధాన్ని ఇద్దరు విడివిడిగా అల్లడం జరిగే పని కాదు. దొంగరాయి ఏదన్నది పెట్టినవాళ్ళకీ సంఘం పెద్దకీ తప్ప మూడో మనిషికి తెలియకూడదు.

సంఘం పెద్ద ఆమె మేనమామే. ఆమెకి ఈ పని నేర్పింది కూడా ఆయనే.

మావయ్య నడవడం మానేసి చాలాకాలమైంది. పట్నంలో ఉన్న రాళ్ళన్నీ తను అరగదొక్కాడనీ, ఆ కసితో రాళ్ళు తన మోకాళ్ళు అరగదీశాయనీ చెప్పుకుంటాడు. ఓడల రంగులమ్మే దుకాణం పైన గైడుల సంఘానికున్న ఒకే ఒక్క గదిలో, మోకాలి మీద వేణ్ణీళ్ళ సంచి పెట్టుకుని, పొద్దస్తమానం కుర్చీలో ఉంటాడు.

"దొరికిపోయారు మావయ్యా!" గొడుగమ్మ మెట్లు రెండేసి ఎక్కి వచ్చింది. "నా దొంగరాయి మక్కీకి మక్కీ దించేశారు. దీపం, ముడులు, అన్నీ!"

"ఏ దీపమే?"

"అప్పుడు నీ చెవిలో చెప్పలేదూ? తాళ్ళ ఇల్లు."

"నువ్వు చెప్పావు. నేను వద్దన్నాను."

"వద్దనలేదు. మూలిగావు."

"నేను మూలిగితే వద్దన్నట్టే." ఆయన వేణ్ణీళ్ళ సంచి రెండో మోకాలి మీదికి మార్చాడు. "దొంగరాయి ఎక్కడ పెట్టమన్నాను? బ్యాంకు గోడకి పెట్టు. గోదాముకి పెట్టు. పాడుబడ్డ దీపస్తంభానికి పెట్టు. మనుషులు కాపరమున్న ఇంటికి పెట్టకూడదని నీకు నేర్పించానా, లేదా?"

"నేర్పించావు. ఎందుకు పెట్టకూడదో నేర్పలేదు."

"నాకు మా గురువు చెబితే కదా! అడిగితే తన్నేవాడు."

"అయితే నువ్వు కూడా తన్నాల్సింది. ఆ రోజు వాన మావయ్యా. సగం గుంపు వెనకబడింది. వాళ్ళొచ్చేదాకా ముందున్నవాళ్ళని వానలో కదలకుండా నిలబెట్టాలి. ఎదురుగా కొక్కెం కనబడింది, నోటికొచ్చింది చెప్పేశాను. ఒకావిడ కళ్ళు తుడుచుకుంది. తీసెయ్యబుద్ధి కాలేదు."

"అదే రోగం. దొంగరాయి చప్పగా ఉండాలి. మరీ బాగుంటే ఎవడో ఎత్తుకుపోతాడు."

"ఎత్తుకుపోతేనే కదా దొంగ దొరికేది?"

మావయ్య మళ్ళీ మూలిగాడు.

ఆ మూలుగులు పట్టించుకునే తీరిక ఆమెకి లేదు. పెద్ద ప్రయాణికుల ఓడలు వచ్చే రోజులు దగ్గరపడ్డాయి. ఓడ దిగినవాళ్ళకి ఊరు చూపించే పని ఎవరికివ్వాలన్నది ఓడల ఏజెంటు చేతిలో ఉంది. ఇన్నాళ్ళూ అది సంఘానిదే. ఈసారి చెవిపెట్టెల కంపెనీ అడ్డం పడింది. ఓడలు పోయాయంటే సంఘంలో మిగిలిన అయిదుగురు గైడులూ వేరే పని వెతుక్కోవాలి. వాళ్ళలో ఒకాయన వేరే పని వెతుక్కునే వయసు దాటి చాలాకాలమైంది. ఇంకొకావిడకి నెలలు నిండుతున్నాయి. గొడుగమ్మ విషయానికొస్తే, ఈ పని తప్ప ఇంకో పని నేర్చుకుందామని ఆమెకి ఎప్పుడూ తోచలేదు.

ఓడల ఏజెంటు ఆఫీసులో కూర్చోవడానికి కుర్చీలున్నా ఆయన కూర్చోడు. కిటికీ దగ్గర నిలబడి, లంగరేసిన ఓడల్ని చూస్తూనే మాట్లాడతాడు. పాత భవనాల మీద ఆయనకి ప్రేమా లేదు, కోపమూ లేదు. ఓడ వేళకి కదలాలి, దిగినవాళ్ళు దిగినట్టే మళ్ళీ ఎక్కాలి. అంతే.

"నాకు మీరూ ఒకటే, ఆ పెట్టే ఒకటే," అన్నాడు. "పెట్టెకి జలుబు చెయ్యదు. అదొక్కటే తేడా."

"అది దొంగసరుకండీ. నా నడక దొంగిలించారు."

ఆయన మొదటిసారి ఓడల మీంచి చూపు తిప్పాడు. "చూడమ్మా, దొంగసరుకు నా ఓడ ఎక్కదు. రేపెవరో కోర్టుకి లాగితే పైవాళ్ళు నా చర్మం వలుస్తారు. నువ్వు నిరూపిస్తే ఓడలు మీవి. నిరూపించలేకపోతే మాత్రం మళ్ళీ నా గుమ్మం ఎక్కకూడదు."

గొడుగమ్మ దొంగరాయి సంగతి చెప్పింది. ఆయన శ్రద్ధగా విన్నాడు. వ్యాపారంలో ఆయన కూడా ఇలాంటివి చేసి ఉంటాడు, మొహం చూస్తే తెలుస్తోంది.

"అది అబద్ధమని ఎవరికి తెలుసు?"

"మా మావయ్యకి."

"మీ మావయ్య నీకు మావయ్యే కదా," అన్నాడు ఏజెంటు. "రేపు పొద్దున అందరం కలిసి ఆ ఇంటి దగ్గరికే వెళ్దాం. వాళ్ళనీ రమ్మంటాను."

పొద్దున్నే ముగ్గురూ తాళ్ళవీధిలో కలిశారు. కంపెనీ నడిపే ఆవిడ ముందే వచ్చి ఉంది. రాత్రి వాన పడి వీధి బురదబురదగా ఉన్నా ఆవిడ తెల్లబూట్లకి ఒక్క మరక అంటలేదు. గొడుగమ్మ బూట్లు చూసింది, తన చెప్పులు చూసుకుంది, కాళ్ళు వెనక్కి జరుపుకుంది.

ఏజెంటు గింజ చెవిలో పెట్టుకుని దీపం కథ మొత్తం విన్నాడు. తలెత్తి కొక్కెం చూశాడు.

"ఇదేనా?"

"ఇదే. కొక్కెం ఒక్కటే నిజం. మిగతాదంతా నేనల్లాను," అంది గొడుగమ్మ.

తెల్లబూట్లావిడ చిన్నగా నవ్వింది. "మీరల్లారా? పాపం, ఆ సంగతి ఈ ఇంటివాళ్ళకి ఎవరూ చెప్పినట్టు లేరు." వెళ్ళి తలుపు తట్టింది.

తలుపు తీసినావిడ మెడలో కొలత టేపు ఉంది, పెదాల మధ్య గుండుసూదులున్నాయి. సూదులు ఒక్కొక్కటే తీసి జాకెట్టు అంచుకి గుచ్చుకుంది. ఆ ఇంట్లో ఒంటరిగా ఉంటూ వీధిలో అందరికీ బట్టలు కుట్టి పెట్టే పెద్దావిడ, అందరికీ పిన్ని. గొడుగమ్మని చూడగానే మొహం విప్పారింది.

"అమ్మాయ్! నువ్వా? గొడుగు లేకపోయేసరికి ఓ పట్టాన గుర్తుపట్టలేదు సుమా. ఇవాళ ఇంత పొద్దున్నే వచ్చావేమిటి, జనం ఏరీ?"

"జనం కాదు పిన్నీ, వీళ్ళే."

"ఒకసారి మీ నాయనమ్మగారి దీపం సంగతి ఈయనకి చెప్పండి," అంది తెల్లబూట్లావిడ. "మాకు చెప్పినట్టే."

గొడుగమ్మ చటుక్కున పిన్ని వైపు తిరిగింది.

"చెప్పడమేమిటి, చూపిస్తాను రండి," అని పిన్ని మెట్లెక్కింది.

పైన ఒకటే గది. మెట్లు దిగే గుమ్మానికి ఎదురుగా వీధివైపు గోడ, ఆ గోడకి రెండు కిటికీలు. కొక్కెమున్న కిటికీ పక్కన కుట్టుమిషను. రెండో కిటికీ దగ్గర ఇస్త్రీబల్ల, దాని మీద సగం కుట్టిన కోట్లు. గది నిండా కొత్తబట్ట వాసన.

పిన్ని చెప్పడం మొదలుపెట్టింది. ఓడలు, ముడులు, దీపం. వాటితో ఆగలేదు. దీపం నూనె అంటి నాయనమ్మ గోళ్ళు ఎప్పుడూ నల్లగా ఉండేవంది. చలికాలంలో తాడు బిగుసుకుపోతే పళ్ళతో ముడి విప్పేదంది. ఓడ వచ్చిన రోజున పిల్లల్ని చుట్టూ కూర్చోబెట్టుకుని, ముడి విప్పేదాకా ఎవర్నీ మాట్లాడనిచ్చేది కాదంది. గొడుగమ్మ అప్రయత్నంగా ఒక అడుగు దగ్గరికి జరిగింది. ఆ పళ్ళ సంగతి తనకి ఎందుకు తట్టలేదా అనుకుంది.

అప్పుడు పిన్ని మిషను సొరుగు లాగి, పాత గుడ్డలో చుట్టిన తాడుముక్క తీసింది. నల్లబడ్డ తాడు. మధ్యలో ఒక ముడి.

"ఇదే," అంది.

ఏజెంటు దాన్ని వేళ్ళతో నలిపి చూశాడు. "పాతదే."

పాతది కాకేం? తాళ్ళు పేనిన ఇల్లది. ఏ అటక దులిపినా ఇలాంటి ముక్కలు బోలెడు రాలతాయి. కానీ ఆ మాట ఇప్పుడు ఎవరు నమ్ముతారు?

"పిన్నీ, ఈ సంగతి మీకెవరు చెప్పారు?" అంది గొడుగమ్మ.

"ఎవరో చెప్పడమేమిటే? మా నాయనమ్మే. నన్ను ఒళ్ళో కూర్చోబెట్టుకుని చెప్పేది."

గొడుగమ్మ ఆవిడ మొహం వంక చూసింది. జనం మొహాలు చదవడం మీద బతికే మనిషి ఆమె. ఎవరికి కాళ్ళు నొప్పిగా ఉన్నాయో, ఎవరు విన్నట్టు నటిస్తున్నారో ఇట్టే చెప్పగలదు. పిన్ని మొహంలో అబద్ధం లేదు. కల్తీ లేని జ్ఞాపకం మాత్రమే ఉంది.

ఎలా జరిగిందో అప్పుడర్థమైంది. ఈవిడ పగలంతా ఈ కిటికీ పక్కన మిషను తొక్కుతూ కూర్చుంటుంది. తను గుంపుని సరిగ్గా కిటికీ కింద నిలబెట్టి, వెనకున్నవాళ్ళకి కూడా వినబడేలా గొంతెత్తి చెబుతుంది. ఎండాకాలం, వానాకాలం, ఓడలున్న రోజుల్లో పొద్దునా సాయంత్రమూ. మొదట్లో పిన్ని నవ్వుకునే ఉంటుంది. తర్వాత అవునా అనుకుని ఉంటుంది. తర్వాతెప్పుడో, ఎవరూ గమనించకుండానే, కింద వినబడే గొంతు పోయి నాయనమ్మ గొంతు వచ్చి చేరింది.

ఏజెంటు గడియారం చూసుకున్నాడు. "ఇది ఇంటివాళ్ళ కథేనమ్మా. ఎవరైనా అడిగి తెలుసుకోవచ్చు."

"వెళ్దామాండీ?" అంది తెల్లబూట్లావిడ.

ఓడలు పోయినట్టే. నెలలు నిండినావిడకి ఈ కబురు ఎలా చెప్పాలా అని గొడుగమ్మ మాటలు వెతుక్కుంటోంది.

"అయ్యో, కొక్కెం దగ్గర్నించి చూడందే వెళ్తారా!" పిన్ని వాళ్ళని ఆపేసింది. మిషను దాటి వెళ్ళి కిటికీ చట్రం మీద చెయ్యి వేసింది. "ఇదే ఎడమ కిటికీ. మా ఇంట్లో ముందునించీ దీన్ని ఎడమ కిటికీ అనే అంటాం. నాయనమ్మ కూడా అంతే. ఎడమ కిటికీ దగ్గరికి పోకండే, దీపముంది, అని మమ్మల్ని కేకలేసేది."

గొడుగమ్మ తల చటుక్కున పైకి లేచింది.

గైడు వెనక్కి నడుస్తుంది. జనానికి ఎదురుగా మొహం పెట్టి, భవనాలకి వీపు పెట్టి నడుస్తుంది. అందుకని ఆమె ఎడమ జనానికి కుడి, జనం ఎడమ ఆమెకి కుడి. నోటితో చెప్పాల్సింది ఎప్పుడూ జనం ఎడమే. నేర్చుకునే రోజుల్లో ఈ ఒక్క విషయంలో తప్పు చేసినందుకు మావయ్య చేత ఆమె తిన్న తిట్లు ఇంకెందుకూ తినలేదు. కుడి ఎడమల లెక్క ఇప్పుడామెకి ఊపిరితో సమానం. అందుకే ఆ గదిలో ఇంకెవరి చెవికీ తగలని మాట ఆమె చెవికి తగిలింది.

పిన్ని చెయ్యి వేసిన కిటికీ ఎడమది కాదు. గదిలోకి వచ్చి వీధివైపు చూస్తే అది కుడివైపున ఉంది. వీధిలో నిలబడి పైకి చూసేవాళ్ళకే అది ఎడమ కిటికీ. ఈ గదిలో కాపరం చేసి, ఈ గదిలో పిల్లల్ని పెంచి, ఈ గదిలోనే దీపం పెట్టే మనిషి దాన్ని ఎడమ కిటికీ అని ఎందుకంటుంది?

ఏజెంటు గుమ్మం దాకా వెళ్ళిపోయాడు. నోరు విప్పడమా, మానడమా అన్నది ఆయన మొదటి మెట్టు దిగేలోపు తేలాలి.

పిన్ని తాడుముక్కని మళ్ళీ గుడ్డలో చుడుతోంది, పసిపిల్లకి పొత్తిగుడ్డ చుట్టినంత జాగ్రత్తగా. నోరు మూసుకుంటే ఆ తాడు అలాగే ఉంటుంది. అయిదుగురు మనుషులు రోడ్డున పడతారు. గొడుగమ్మ ఎక్కువసేపు ఆలోచించలేదు. ఆలోచించాను గానీ తప్పలేదు అని తర్వాత చెప్పుకోవడం కూడా ఆమె చెయ్యలేదు.

"ఒక్క నిమిషం ఆగండి," అంది ఏజెంటుతో. "పిన్నీ, మీరొకసారి ఇలా వచ్చి గది మధ్యలో నిలబడండి. వీధివైపు తిరిగి."

"ఎందుకే?" అంటూనే వచ్చి నిలబడింది.

"ఇప్పుడు ఎడమ చెయ్యి చాపండి."

పిన్ని ఎడమ చెయ్యి చాపింది. అది ఇస్త్రీబల్ల వైపు, సగం కుట్టిన కోట్ల వైపు చూపించింది. పిన్ని కోట్ల వంక చూసింది. తన చేతి వంక చూసుకుంది. చెయ్యి దించి, తప్పు చెయ్యి ఎత్తానేమోనని రెండో చెయ్యి ఎత్తి చూసుకుంది. మళ్ళీ దించింది.

"మరి ఎడమ కిటికీ అనేది కదా ఆవిడ," అంది మెల్లిగా.

"అది ఎడమయ్యేది కింద నిలబడి చూసేవాళ్ళకి పిన్నీ. కింద నిలబడి వాళ్ళకి ఎడమ అని చెప్పేది నేను."

ఏజెంటు వెనక్కి వచ్చి, తనే గది మధ్యలో నిలబడి, ఎడమ చెయ్యి చాపాడు. తర్వాత వెనక్కి తిరిగి, వీధిలో ఉన్నట్టు ఊహించుకుని మళ్ళీ చాపాడు. ఇంకో సందర్భంలో అయితే చూసేవాళ్ళకి నవ్వొచ్చేది. అది ముగించుకుని తెల్లబూట్లావిడ వైపు తిరిగాడు.

"ఒక్క మాట చెప్పండి. ఈ వీధిలో ఇన్ని తలుపులున్నాయి. మీవాళ్ళు ఈ తలుపే ఎందుకు తట్టారు?"

"మేము ఏదీ సరిచూసుకోకుండా పెట్టెలో పెట్టమండీ. మావాళ్ళు విన్నాక, ఇంటివాళ్ళని అడిగి..."

"ఎక్కడ విన్నాక?"

తెల్లబూట్లావిడ తెలివైన మనిషి. మాట ఎక్కడ జారిందో ఆవిడకి వెంటనే తెలిసింది. ఇంకో మాట కలిపి దాన్ని పాడుచేసుకోలేదు. సంచీ భుజానికి తగిలించుకుని, పిన్నికి దండం పెట్టి, మెట్లు దిగి వెళ్ళిపోయింది.

ఏజెంటు కూడా దిగుతూ, "మధ్యాహ్నం ఆఫీసుకి రా," అన్నాడు గొడుగమ్మతో.

"పిన్నీ, వస్తాను," అంది గొడుగమ్మ.

పిన్ని తలూపింది. ఆవిడ ఇంకా గది మధ్యలోనే నిలబడి ఉంది, వీధివైపు మొహం పెట్టి.

ఊరు చూపించే పని సంఘానికే దక్కింది, ఆ ఏడాది ఓడలు కూడా బాగానే వచ్చాయి. నెలలు నిండినావిడకి ఆడపిల్ల పుట్టింది. ముసలి గైడు పాత సుంకం ఆఫీసు మెట్ల మీద కూర్చునే కథలు చెప్పి జనాన్ని మెప్పించాడు. చెవిపెట్టెల కంపెనీ ఇంకో రేవుకి తరలిపోయిందని అన్నారు. గొడుగమ్మ కొత్త దొంగరాయిని ఒక బ్యాంకు వెనక గోడ తూముకి పెట్టింది. పరమ చప్పటి అబద్ధం. విన్నవాళ్ళెవరూ తూము వంక రెండోసారి చూడరు.

"ఇప్పటికైనా తెలిసిందా, కాపరమున్న ఇంటికి ఎందుకు పెట్టకూడదో?" అన్నాడు మావయ్య.

"తెలిసింది."

మావయ్య కుర్చీలో ముందుకి వంగాడు. "ఎందుకే?"

"నీకెందుకు? నీ మోకాళ్ళు చూసుకో."

తాళ్ళవీధిలోకి వెళ్ళడం ఆమె మానేసింది. ధాన్యం తూచే మండపం నించి రేవు రోడ్డు పట్టుకుని చుట్టూ తిరిగి వెళ్తోంది. దూరమని జనం సణిగితే సముద్రం గాలి ఒంటికి మంచిదని చెబుతోంది. ఒక రోజు రేవు రోడ్డు అడ్డంగా తవ్వేశారు. గుంపుని తాళ్ళవీధిలోంచి తీసుకెళ్ళక తప్పింది కాదు.

ఆ ఇంటి కిందకి రాగానే పైన మిషను చప్పుడు ఆగింది. కిటికీలోంచి తల బయటికి వచ్చింది.

"అమ్మాయ్, ఒక్కసారి పైకి రా."

గుంపుని గుమ్మం చుట్టూ చెక్కిన రాతితాడు చూస్తుండమని చెప్పి మెట్లెక్కింది. తిట్లు తినడానికి సిద్ధపడే ఎక్కింది.

"కోపంగా ఉందా పిన్నీ?"

"కోపమెందుకే? నీ పొట్టకూటికోసం నువ్వు చెప్పావు. నేను విన్నాను. ఎవరు వినమన్నారు నన్ను?" పిన్ని మిషను దగ్గర్నించి లేవలేదు. "ఒక్క సంగతి చెప్పు. ఊళ్ళో అన్ని ఇళ్ళ సంగతులూ నీకు తెలుసు కదా. మా నాయనమ్మ ఈ గదిలో నిజంగా ఏం చేసేది?"

"నాకెలా తెలుస్తుంది పిన్నీ?"

"ఆవిడ ఇక్కడే కూర్చునేది. ఈ కిటికీ దగ్గరే. అది మాత్రం నువ్వు చెప్పింది కాదు, నేను చూసిందే. చేతులతో ఏదో చేస్తూ ఉండేది. అదేమిటో గుర్తు తెచ్చుకుందామని కూర్చుంటే దీపమే వస్తోంది. పాడు దీపం, తీసి అవతల పెడితే మళ్ళీ వస్తోంది. బలవంతాన తీసేస్తే చేతులు మిగులుతున్నాయి. చేతుల్లో ఏముందో కనబడట్లేదు."

గొడుగమ్మ కిటికీ బయట కొక్కెం వంక చూసింది. ఏళ్ళ అలవాటు, నోరు దాని పని అది మొదలుపెట్టేసింది.

"ఆ కొక్కెం నార మూటలు పైకి లాగడానికి పెట్టారు పిన్నీ. అది నిజం. ఈ వీధిలో అన్ని ఇళ్ళకీ ఉండేవి. కింద మగవాళ్ళు తాడు లాగితే, పైన మూట అందుకోవడానికి కిటికీలో ఒక మనిషి నిలబడాలి. బహుశా మీ నాయనమ్మే ఆ మూటలు అందుకుని, నార చిక్కులు తీస్తూ..."

"ఆగు!" పిన్ని చెయ్యి అడ్డం పెట్టింది. "ఇంకొక్క మాట చెప్పకు. నువ్వు చాలా బాగా చెబుతావే. రేపటికి నాకదే గుర్తుంటుంది."

గొడుగమ్మ కిటికీ దగ్గర్నించి వెనక్కి జరిగింది.

"కిందకెళ్ళి కూడా చెప్పకు. నా కిటికీ కింద నువ్వు ఏదీ చెప్పకు, నిజమైనా సరే. నాకై నాకు ఏమైనా వస్తుందేమో చూసుకుంటాను."

"రాకపోతే పిన్నీ?"

"రాకపోతే రాకపోయింది," అని పిన్ని సూదిలోకి దారం ఎక్కించుకోవడం మొదలుపెట్టింది.

గొడుగమ్మ దిగి వచ్చింది. గుంపు ఆమె చుట్టూ మూగింది. ఈ ఇల్లెవరిది, ఆ కొక్కెం ఎందుకు, పైన ఏముంది అని తలో ప్రశ్నా వేశారు. ఆమె పెదాల మీద వేలు పెట్టి, ముందుకి నడిచింది. ఏం అర్థమైందో గానీ, గుంపు మొత్తం చెప్పుల చప్పుడు కాకుండా మునివేళ్ళ మీద ఆమె వెనకే వచ్చింది.

మలుపు తిరిగాక ఒక పెద్దాయన ఆమె పక్కకి చేరి గొంతు తగ్గించి అడిగాడు.

"లోపల ఎవరికైనా ఒంట్లో బాగోలేదాండీ?"

"లేదండీ, బాగానే ఉన్నారు," అంది గొడుగమ్మ. "ఏదో గుర్తు తెచ్చుకుంటున్నారు."